ఒక కాయకి ఒకే తొడిమ

మోకు పేనాలంటే ఇద్దరు కావాలి. ఒకరు రాట్నం తిప్పాలి. ఇంకొకరు నడుముకి నార చుట్టుకుని, వేళ్ళ సందుల్లోంచి కొంచెం కొంచెంగా వదులుతూ, నడవ పొడుగునా వెనక్కి వెనక్కి నడవాలి. ఇద్దరికీ ఒకరి మీద ఒకరికి గురి కుదిరితేనే తాడులో పురి కుదురుతుంది. ఆ ఇంట్లో రాట్నం తిప్పేది కోడలు, నార వదిలేది అత్త. అత్త లేని కోడలు ఉత్తమురాలని లోకం అంటుంది గానీ, వీళ్ళిద్దరూ కలిసి పేనిన మోకుకి ఏటి పొడుగునా గిరాకీ ఉండేది. పడవలవాళ్ళు, బావులు తవ్వేవాళ్ళు, బరువులెత్తేవాళ్ళు అందరూ ఆ గుమ్మంలోకే వచ్చేవాళ్ళు.

వాళ్ళిద్దరినీ కలిపిన మనిషి మొన్నటి వరదలో పోయాడు. అత్తకి కొడుకు, కోడలికి మొగుడు, ఊరికి పడవాయన. ఏటి మధ్య దిబ్బ మీద ఇటుక బట్టీ ఉంది. నీళ్ళు ఒక్కసారిగా మీదికొస్తే అక్కడి పనివాళ్ళందరినీ, పిల్లల్తో సహా, దఫాలుగా ఒడ్డుకి చేర్చాడు. ఆఖరి దఫా పడవ వచ్చింది, అతను రాలేదు. అప్పటికి కోడలికి నెల తప్పి కొద్ది రోజులే. ఆ సంగతి మొగుడికి చెప్పింది, అతను నవ్వాడు, అంతవరకూ జరిగింది. ఆ తర్వాత జరగవలసినవేవీ జరగలేదు.

కడుపు కాస్త తెలుస్తున్న రోజుల్లో ఒక ఉదయం ఊరిపెద్దా, బట్టీ మేస్త్రీ ఇంటికొచ్చారు. మేస్త్రి ఆ ఆఖరి పడవలో వచ్చినవాడే. అరుగు మీద కూర్చుని కాసేపు నార ధర గురించి, నీళ్ళ మట్టం గురించి మాట్లాడారు. ఏదో పెద్ద మాట కడుపులో పెట్టుకొచ్చారని కోడలికి అర్థమైంది.

"అమ్మా," అన్నాడు పెద్దాయన అత్తతో. "మీ అబ్బాయి కథ చావకూడదని ఊరంతా అనుకుంటోంది. తొడిమ తీయిద్దాం. నువ్వు ఊ అంటే చాలు."

ఆ ఊళ్ళో కథలు చచ్చిపోతాయి. మాటవరసకి కాదు, నిజంగానే. ఒక మనిషి కథ ఆ మనిషిని కళ్ళారా చూసినవాళ్ళలో ఆఖరివాళ్ళు బతికున్నంతకాలమే ఉంటుంది. ఆ ఆఖరి మనిషి కన్నుమూసిన క్షణాన అందరి బుర్రల్లోంచీ ఒకేసారి తుడిచిపెట్టుకుపోతుంది. రాసి దాచుకున్నా లాభం లేదు, కాయితం కూడా తెల్లబోతుంది. అంతకు ముందేడు టీకొట్టు దగ్గర ఎవరో కథ చెబుతూ, "అప్పుడు ఆయన ఏం చేశాడంటే," అని ఆగిపోయాడు. వినేవాళ్ళు గ్లాసులు పట్టుకుని ఎదురుచూశారు. కాసేపటికి ఎందుకు ఎదురుచూస్తున్నారో వాళ్ళకే తెలియలేదు. పక్కవీధిలో ఒక ముసలామె అప్పుడే పోయిందని కబురొచ్చాక, ఆమెతో ఎవరిదో కథ కూడా పోయిందని అందరికీ తెలిసింది. ఎవరిదో ఈరోజుకీ తెలియదు.

కానీ చావని కథలూ ఉన్నాయి. దానికొక సిద్ధాంతం ఉంది. కథ కాయలాంటిది, పేరు దాని తొడిమ. తొడిమ పట్టుకుని ఉన్నంతకాలం కాయ ఆ చెట్టుదే, చెట్టుతోపాటే ఎండిపోతుంది. తొడిమ ఊడితే ఇక అది నేలది, నీటిది, ఎత్తుకుపోయిన పక్షిది. గింజ ఎక్కడ పడితే అక్కడ మొలుస్తుంది. అందుకని కథ బతకాలంటే అందులోంచి పేరు తీసెయ్యాలి. తీశాక ఆ పేరు మళ్ళీ ఎవరి నాలుక మీదికీ రాదు, కన్నతల్లి నాలుక మీదికైనా సరే. తీసే హక్కు ఎవరికి పడితే వాళ్ళకి ఉండదు. ఆ పేరు పెట్టినవాళ్ళకుంటుంది, లేదా ఆ పేరు మోస్తున్న మనిషికుంటుంది.

"ఇస్తాను," అంది అత్త. ఆలోచించలేదు. ఎప్పుడో అనుకుని పెట్టుకున్న మాటలా వచ్చింది.

కోడలు లోపలికెళ్ళి రాట్నం ముందు కూర్చుంది.

ఆ రోజు తాడు చెడిపోయింది. కోడలి చేతిలో చక్రం గిర్రున తిరుగుతోంది. పురి ఎక్కువై, వదిలిన నార వదిలినట్టే ఉండలు చుట్టుకుపోతోంది. అత్త నాలుగడుగులు వెనక్కి వేసి, ఆగి, మెలిక విప్పి, మళ్ళీ నడిచి, మళ్ళీ ఆగింది. చివరికి నార నడుము మీంచి విప్పి కింద పెట్టింది.

"తాడు మీద ఎందుకమ్మాయ్ కోపం? దానికి నోరు లేదనా? నా మీదైతే నన్నే అను."

"మీ మీద నాకు కోపమెందుకు అత్తయ్యా. మీ అబ్బాయి, మీరు పెట్టిన పేరు."

"ఇదిగో, ఇలా అనడమే కోపమంటే."

కోడలు చక్రం ఆపేసింది. "పేరు పెట్టింది మీరే, కాదనను. పెట్టాక మీరెప్పుడైనా పిలిచారా? నాన్నా అన్నారు, ఒరే అన్నారు, అబ్బాయ్ అన్నారు. పిలిచింది నేను. నలుగురిలో 'ఏవండీ' అన్నా, గదిలో పేరే. ఇప్పుడు పిలిస్తే పలికేవాడు ఎటూ లేడు. పిలవడానికి పేరైనా ఉండొద్దా?" ఆమె చెయ్యి తనకి తెలియకుండానే పొట్ట మీదికెళ్ళింది. "ఈ బిడ్డకి ఆ పేరే పెడదామనుకున్నాను. మొదటిరోజు నుంచీ అదే అనుకున్నాను."

అత్త కింద పెట్టిన నారని ఒళ్ళోకి తీసుకుంది. పైకప్పు సందుల్లోంచి నార దుమ్ము మీద ఎండ పడుతోంది.

"నువ్వు పోతావు, నేను పోతాను, వాడు ఒడ్డుకి చేర్చినవాళ్ళూ ఎప్పుడో పోతారు," అంది. "వాణ్ణి చూసినవాళ్ళంటూ ఒక్కరు లేకుండా పోయిన రోజున, వాడు చేసింది కూడా లేకుండా పోతుంది. ఆ పడవలో ఒడ్డుకొచ్చిన పసివాళ్ళ మనవలకి, తాము ఎవరి పుణ్యాన ఉన్నామో తెలియదు. అది నేను తట్టుకోలేనమ్మాయ్."

"నేను ఇది తట్టుకోలేను."

ఇద్దరూ నిజమే చెబుతున్నారు. అందుకే గొడవ తేలలేదు. పొయ్యి రాజేసి, అన్నం వండుకుని, ఒకరికొకరు వడ్డించుకుని తిన్నారు. కోడలు తక్కువ తింటోందని అత్త ఇంకో గరిటె వేసింది. కోడలు వద్దనకుండా తినేసింది.

మర్నాడు అత్త చెప్పులేసుకుని, "రా, ఒకసారి తొడిమమ్మ దగ్గరికెళ్ళొద్దాం. ఇచ్చెయ్యడానికి కాదు, కనుక్కోడానికి," అంది.

పేర్లు తీసే తొడిమమ్మ ఉండే ఇల్లు చాకిరేవు పక్కన ఉంది. బయటినుంచి చూస్తే మామూలు ఇల్లే. లోపల ఒక పెద్ద గది, గోడవారగా చాపలు, మధ్యలో నీళ్ళు నింపిన వెడల్పాటి రాతితొట్టి. తొడిమమ్మ పొట్టిగా, బొద్దుగా ఉంటుంది, మోకాళ్ళ నొప్పులమనిషి. వీళ్ళు వెళ్ళేసరికి చేపలమ్మే ఒకామె ఆ తొట్టిలో నీళ్ళు మారుస్తోంది. ఆమె మొగుడు వెనకటికి ఊళ్ళో ఒక జబ్బు సోకినప్పుడు, ఎవరూ గుమ్మం తొక్కని ఇళ్ళకి నీళ్ళు మోసినవాడు. ఆయన పేరు ఆమె అత్తగారు ఇచ్చేశారు.

"ఎలా ఉంటుంది వదినా?" అని కోడలు ఆమెనే అడిగింది. సిద్ధాంతం ఎవరైనా చెబుతారు. ఇది మాత్రం ఆమెనే అడగాలి.

చేపలావిడ బిందె దించి పైటతో చేతులు తుడుచుకుంది. "మొహం ఉంటుందమ్మా. నవ్వు, దగ్గు, ఉప్పెక్కువైతే చూసే చూపు, అన్నీ ఉంటాయి. పిలుద్దామని నోరు తెరుస్తాను. తెరిచిన నోరు తెరిచినట్టే ఉంటుంది. మొదట్లో రోజుకి ఎన్నిసార్లో." బిందె పక్కకి జరిపింది. "కానీ మొన్న ఎక్కడినుంచో వచ్చిన బేరగాళ్ళు, చేపలు ఎంచుకుంటూ వాళ్ళలో వాళ్ళు ఆయన కథే చెప్పుకున్నారు. వాళ్ళ ఊళ్ళో జరిగిందనే అనుకుంటున్నారు. నేను తూకం వెయ్యడం మర్చిపోయాను."

"మంచిదేనా మరి? ఇచ్చింది?"

"మంచో చెడో నాకు తెలీదమ్మా. రెండూ ఉంటాయి. ఒకటి ఇంకోదాన్ని తీర్చదు."

అప్పటికి తొడిమమ్మ మోకాళ్ళు పట్టుకుని చాప మీద కూలబడింది. అత్త అడగవలసినవన్నీ అడిగింది. పేరు సగం తియ్యొచ్చా? కుదరదు. ఇంట్లోవాళ్ళకి మాత్రం ఉంచి ఊరికి లేకుండా? కుదరదు. బిడ్డ పుట్టి, పేరు పెట్టాక తీస్తే? బిడ్డ పేరు కూడా పోతుంది, ఒకటే పేరు కదా.

కోడలు లేచి గుమ్మం దగ్గరికెళ్ళి నిలబడింది. రేవులో బట్టలు ఉతుకుతున్న చప్పుడు. వెనక అత్త గొంతు వినబడింది, ఈసారి నెమ్మదిగా.

"ఒక కథలో ఇద్దరుంటే?"

"కథలో ఎంతమందైనా ఉంటారు," అంది తొడిమమ్మ. "కానీ ఒక కాయకి ఒకే తొడిమ. కథ ఎవరిదో వాళ్ళ పేరు తీస్తే చాలు. మిగతావాళ్ళు అందులో కొడుకుగానో తండ్రిగానో మేస్త్రిగానో ఉండిపోతారు. వాళ్ళ పేర్ల జోలికి పోము."

"ఎవరిదో ఎవరు చెప్పాలి?"

"చెప్పేటప్పుడే తెలుస్తుంది. కథకి బరువు ఎవరి మీదుంటే వాళ్ళది. అబద్ధం చెబితే నీళ్ళు ఊరుకోవు, తిప్పి కొడతాయి."

అత్త లేచి చెప్పులేసుకుంది. ఇద్దరూ ఇంటిదారి పట్టారు. సందు మలుపులో అత్త అరిచేతులు రెండూ తిప్పి చూసుకుంది. వరద రోజున మోకు కోసేసిన గాట్లు మానాయి గానీ, తోలు అక్కడక్కడా గులాబీరంగులో, కొత్తగా, వేరే మనిషి చేతుల్లా ఉంది. ఆ చేతులకి మందు రాసి కట్లు కట్టింది కోడలే. ఎలా తెగాయని అప్పుడు అడగలేదు. వరదలో అందరికీ ఏదో ఒకటి తెగింది.

ఇంటికొచ్చాక కోడలు తల దువ్వుకుంటుంటే అత్త వెనక చేరి దువ్వెన తీసుకుంది.

"అమ్మాయ్, నా పేరు తెలుసా నీకు?"

కోడలు నోరు తెరిచి, ఆగింది. పెళ్ళిచూపుల్లో ఎవరో అన్నారు. పెళ్ళిలో ఎవరో పిలిచారు. తర్వాత ఎప్పుడూ వినలేదు. మొగుడు అమ్మా అనేవాడు. వీధి మొత్తానికి ఆమె మోకులమ్మ. లేకపోతే పడవాయన తల్లి.

"సిగ్గుగా ఉందత్తయ్యా," అంది.

"నీకెందుకు సిగ్గు? పెట్టిన మా నాన్న పోయి ఎంత కాలమైందో, పిలిచేవాళ్ళు పోయీ అంత కాలమైంది. మీ మామగారైతే 'ఇదిగో' అనేవారు. ఎన్నాళ్ళో నా పేరు ఇదిగోనే అనుకున్నాను." చిక్కు తీస్తూ నవ్వింది. తర్వాత కోడలి చెవి దగ్గరికి వంగి తన పేరు చెప్పింది.

మంచి పేరు. ఆడుకునే పిల్లకి పెట్టినట్టుగా తేలిగ్గా ఉంది. ఇంత పెద్దావిడలో అంత చిన్న పేరు ఇన్నాళ్ళూ ఉందా అని కోడలికి ఆశ్చర్యమేసింది.

"ఆ పేరు ఇచ్చేస్తాను," అంది అత్త. "వాడిది కాదు. నాది."

కోడలు గిరుక్కున తిరిగింది. జుట్టు సగం అత్త చేతిలోనే ఉండిపోయింది. "అదెలా కుదురుతుంది? మీరు... అది ఆయన కథ కదా."

"ఒడ్డున నేనున్నాను. మోకు నా చేతుల్లో ఉంది. అబద్ధమైతే నీళ్ళే చెబుతాయి. ఊళ్ళోవాళ్ళేమన్నా అంటారు, అననీ." మళ్ళీ జడ అందుకుంది. "వాడి పేరు నువ్వు ఉంచుకో. నాది ఉన్నా ఎవరు పిలుస్తున్నారు గనక? అటకమీద గిన్నె. వాడని గిన్నె ఇచ్చేస్తే ఇంటికి లోటేముంది?"

కోడలికి ఏడుపొచ్చింది. ఏడిస్తే అత్త ఊరుకోదు, వేళాకోళం చేస్తుంది. అందుకని మింగేసింది. "వాడితే తెలిసేది," అంది.

"అయితే వాడు. పొద్దున్నకి వెళ్దాం. ఈలోగా ఎన్నిసార్లు పిలుస్తావో పిలువు."

"అత్తగార్ని పేరుపెట్టి పిలిస్తే కళ్ళు పోతాయంటారు."

"రేపు ఆ పేరే పోతుంది. కళ్ళు ఎలా పోతాయి?"

మొదటిసారి పిలిచినప్పుడు కోడలు సగంలోనే ఆగిపోయింది. రెండోసారి ఇద్దరికీ నవ్వొచ్చింది. తర్వాత ఆట అయిపోయింది. పొయ్యి దగ్గర్నుంచి పిలిచింది, ఉప్పు ఎక్కడుందని. పెరట్లోంచి పిలిచింది, బట్టలు ఆరాయా అని. నడవ ఆ చివర నిలబడి ఈ చివరున్న మనిషిని గట్టిగా పిలిచింది, ఊరికే. అత్త ప్రతిసారీ "ఊ" అంది. కొన్నిసార్లు "వస్తున్నానే" అంది, చిన్నపిల్ల తల్లికి పలికినట్టు. ఒకసారి పలకలేదు. వెళ్ళి చూస్తే గోడకానుకుని కళ్ళు మూసుకుని ఉంది. "ఇంకోసారి పిలువు," అంది. "మా నాన్న పిలిచినట్టుంది." కోడలు పక్కనే కూర్చుని, గట్టిగా కాకుండా, మామూలుగా పిలిచింది. మళ్ళీ పిలిచింది. దీపాలు పెట్టేవేళ దాకా అలా కూర్చున్నారు.

పొద్దున తొడిమమ్మ ఇంటికి ఊరిపెద్ద వచ్చాడు, మేస్త్రి వచ్చాడు, ఇంకా కొంతమంది వచ్చారు. ఎవరి పేరు తీయబోతున్నదీ అత్త వాళ్ళకి చెప్పలేదు. తొట్టి ముందు కూర్చుని, రెండు చేతులూ నీళ్ళలో పెట్టి, తన పేరు చెప్పి మొదలుపెట్టింది. పెద్దాయన కనుబొమ్మలు పైకి లేచాయి. తొడిమమ్మ చెయ్యి ఎత్తి ఆయన్ని ఊరుకోమంది.

"నేను మోకు పేనేదాన్ని," అంది అత్త. "వరద వచ్చిన రోజున మా అబ్బాయి పడవకి నేను పేనిన మోకే కట్టాడు. రెండో కొస ఒడ్డున గుంజకి చుట్టి నేను పట్టుకున్నాను. వాడు వెళ్ళేటప్పుడు వదలాలి, వచ్చేటప్పుడు లాగాలి. మొదట్లో పక్కన మనుషులుండేవాళ్ళు. వచ్చినవాళ్ళని మెరక మీదికి మోసుకెళ్ళడానికి ఒక్కొక్కరే వెళ్ళిపోయారు. ఆఖరి దఫాకి నేనొక్కదాన్నే.

"నీళ్ళు ఎర్రగా, ఇల్లెత్తున వస్తున్నాయి. పడవ కనబడుతుంది, మళ్ళీ కనబడదు. కనబడనప్పుడు మోకు చెబుతుంది. పడవ బరువు, నీళ్ళ బరువు, మనుషుల బరువు, అన్నీ చేతికి వేరువేరుగా తెలుస్తాయి. సగం దూరంలో ఒక చెట్టు కొట్టుకొచ్చి పడవకి అడ్డం పడింది. ఎంత లాగినా రాదు. అప్పుడు వాడు నీళ్ళలోకి దిగాడు. దిగినట్టు నాకు కనబడలేదు. మోకులో తెలిసింది. ఒక మనిషి బరువు తగ్గింది. ఆ బరువు నాకు తెలుసు. పుట్టిన దగ్గర్నుంచీ మోశాను.

"తర్వాత వాడి కేక వినబడింది. 'లాగమ్మా' అన్నాడు. చెట్టు పక్కకి తొలిగింది, పడవ కదిలింది. నేను ఒక్క క్షణం ఆగితే వాడు పడవ అంచు అందుకునేవాడేమో. ఆగితే పడవే తిరగబడేదేమో. నాకు తెలీదు. వాడు లాగమన్నాడు. చిన్నప్పట్నుంచీ వాడు ఏదడిగినా ఒకపట్టాన చేసేదాన్ని కాదు, బతిమాలించుకునేదాన్ని. ఆ ఒక్కసారి మాత్రం అడగ్గానే చేశాను. లాగాను. చేతులు తెగాయి, లాగాను. పడవలో పిల్లలు ఏడుస్తున్నారు, ఆ ఏడుపు దగ్గరవుతుంటే లాగాను. ఒడ్డుకి తగిలింది. అందరూ దిగారు. ఆ తర్వాత కూడా లాగుతూనే ఉన్నాను. మేస్త్రి వచ్చి నా వేళ్ళు ఒక్కొక్కటే విప్పాడు."

మేస్త్రి తల వంచుకుని తన చేతుల వైపు చూసుకుంటున్నాడు. ఆ వేళ్ళు విప్పిన సంగతి అతను కూడా ఎవరికీ చెప్పలేదు.

కోడలు ఇవేవీ వినలేదు ఇంతవరకూ. ఆ మధ్యాహ్నం ఆమె మెరక మీద, వచ్చినవాళ్ళకి వేణ్ణీళ్ళు కాస్తోంది. మొగుడి ఆఖరి మాట తనకి తెలియదని రోజూ కుమిలిపోయేది. ఇప్పుడు తెలిసింది. తనతో అన్న మాట కాదు. అయినా వాళ్ళమ్మతో అన్నాడు. ఒంటరిగా లేడు, మోకుకి అటు అతను, ఇటు ఈవిడ. ఆమె లేచి వెళ్ళి అత్త వెనకాల కూర్చుని, వీపుకి నుదురు ఆనించింది.

నీళ్ళు తిప్పికొట్టలేదు. అత్త చేతుల చుట్టూ ఒకసారి వలయంలా తిరిగి నిలిచిపోయాయి. తొడిమమ్మ ముందుకు వంగి, ఆ కథనే మొదటినుంచీ తన నోటితో చెప్పింది. "ఒక మోకు పేనే ఆవిడ ఉండేది. ఆవిడకి ఒక కొడుకు," అని. చెప్పడం అయిపోయేసరికి పని అయిపోయింది.

కోడలికి ఆ క్షణం తెలియలేదు. బయటికొచ్చి, చెప్పులేసుకుంటూ, నిన్నటి అలవాటున పిలుద్దామని నోరు తెరిచింది. నవ్వు గుర్తుంది. నడవ చివరి నుంచి అరిచింది గుర్తుంది. తేలిగ్గా, చిన్నపిల్లకి పెట్టినట్టు ఉందనుకున్నది కూడా గుర్తుంది. పేరు మాత్రం లేదు.

అత్త ఆమె మొహం చూసి విషయం గ్రహించింది. "పోయిందా?" అంది.

"పోయింది."

"నాకూ పోయింది. చిత్రంగా ఉంది, పన్ను ఊడినట్టు." నోట్లో నాలుక తిప్పి చూసుకుంది. "పద, ఎండెక్కుతోంది. నీకు ఎండ మంచిది కాదు."

ఊళ్ళో అనేవాళ్ళు అన్నారు. ఊరిపెద్ద ముఖం కొన్నాళ్ళు ముడుచుకునే ఉంది, పడవాయన కథ కావాలంటే మోకులమ్మ కథ వచ్చిందని. టీకొట్టు దగ్గర ఎవరో, "ప్రాణమిచ్చింది కొడుకు, పేరొచ్చింది తల్లికి," అన్నాడట. ఆ మాట మోకు కొనడానికొచ్చిన మనిషి మోసుకొచ్చి చెబితే అత్త నార దులుపుతూ, "వచ్చిందా? నాకు పోయిందే," అంది. ఆ జవాబు మళ్ళీ టీకొట్టు దాకా వెళ్ళింది. అక్కడ నవ్వారు, తర్వాత ఊరుకున్నారు. బట్టీ మేస్త్రి మాత్రం ఎవరైనా ఆ సంగతి ఎత్తితే లేచి వెళ్ళిపోయేవాడు.

ఆడపిల్ల పుట్టింది. కోడలు అనుకున్న పేరే పెట్టింది, తండ్రి పేరు. మగవాడి పేరు ఆడపిల్లకి ఏమిటని చూడ్డానికొచ్చిన వాళ్ళు నసిగారు. "నోరు తిరగనివాళ్ళు పిలవకండి," అంది అత్త. "మేం పిలుచుకుంటాం." అన్న మాట నిలబెట్టుకుంది కూడా. కొడుకుని ఏనాడూ పేరు పెట్టి పిలవని మనిషి, మనవరాల్ని పొద్దస్తమానం పేరు పెట్టే పిలిచేది. మొదట్లో ఆ పేరు పలికినప్పుడల్లా ఆవిడ గొంతు చివర్న కొంచెం వణికేది. పిల్ల పాకే వయసొచ్చేసరికి ఆ వణుకు పోయింది. పేరు పిల్లదైపోయింది.

పిల్ల నడక నేర్చే రోజుల్లో, నీళ్ళు తగ్గిన కాలంలో, ఎగువనించి ఒక పడవ వచ్చి ఆగింది. కొత్త మనిషి, మాట కూడా కొంచెం వేరే యాస. పొడుగాటి మోకు కావాలన్నాడు. అత్త చుట్ట విప్పి చూపిస్తోంది. అతను పాయలు వేళ్ళతో విడదీసి, లాగి చూసి, "గట్టిదే," అన్నాడు. "మా వైపు ఒక కథ చెబుతారు, మోకు పేనే ఆవిడ కథ. మీరు విన్నారో లేదో."

కోడలు రాట్నం ఆపింది.

"చెప్పు నాయనా," అంది అత్త. "పని చేసుకుంటూ వింటాం."

అతను గుమ్మంలో గొంతుక్కూర్చుని చెప్పాడు. బాగా చెబుతాడు. అతని కథలో ఆవిడ తాటిచెట్టంత మనిషి. మోకు నడుముకి చుట్టుకుని ఏట్లోకి దిగి నిలబడింది. వరద ఆవిడకి భయపడి రెండు పాయలుగా చీలింది. పడవలో బట్టీ పనివాళ్ళు కాదు, ఒక ఊరి ఊరంతా ఉంది, మేకలతో సహా. అత్త తల ఊపుతూ మోకు మూరలు కొలుస్తోంది. కోడలికి ఒక పక్క నవ్వు, ఒక పక్క కళ్ళు మండుతున్నాయి.

"కొడుకు నీళ్ళలోకి దిగి చెట్టుని తోసేశాడు. 'లాగమ్మా' అన్నాడు. ఆవిడ లాగింది. పడవ వచ్చింది, అందరూ దిగారు, కొడుకు లేడు. అందరూ ఇంక వదిలెయ్యమ్మా అన్నారు. ఆవిడ వదల్లేదు. ఉత్త మోకునే లాగుతూ ఉంది. పగలంతా లాగింది. లాగగా లాగగా, ఆ కొసన," అతను రెండు చేతులూ చాపి చూపించాడు, "ఆ కొస పట్టుకుని కొడుకు ఒడ్డెక్కాడు."

కోడలు లేవబోయింది. అలా కాదని, ఆయన రాలేదని, అది అబద్ధమని గొంతులోకి వచ్చింది. అత్త చూడకుండానే చెయ్యి చాపి ఆమె మోకాలి మీద వేసింది. ఆ చెయ్యి బరువుగా, వెచ్చగా ఉంది. కోడలు మళ్ళీ కూర్చుంది.

"ఎక్కి ఏమన్నాడు?" అని అడిగింది అత్త.

అతను తడబడ్డాడు. అంతవరకూ ఎవరూ అడగనట్టుంది. "ఏమంటాడు... ఆకలేస్తోంది అనుంటాడు. అంతసేపు నీళ్ళలో ఉన్నాడు కదా."

"అవును," అంది అత్త. "వాడంతే అనుంటాడు."

కొలిచిన మోకు చుట్ట చుట్టబోయి ఆగింది. "ఆ చివర ఇంకొక్కసారి చెబుతావా నాయనా? పెద్దదాన్ని, సరిగ్గా వినబడలేదు."

అతను చెప్పాడు. రెండోసారి ఇంకా బాగా చెప్పాడు. లోపల పిల్ల ఏదో దొర్లించుకుంటూ తనలో తాను కబుర్లాడుకుంటోంది. అత్త వింటూ, చుట్టిన మోకుని మళ్ళీ విప్పి, చేతికందిన కొద్దీ మూరలు కలుపుతూ పోయింది. అంత కొసరు ఆ ఇంట్లో ఎవరికీ ఎప్పుడూ వెయ్యలేదు. కోడలు చూసీ చూడనట్టు రాట్నం వైపు తిరిగింది.